కందుకూరి రాజ్యలక్ష్మి

కందుకూరి రాజ్యలక్ష్మి (నవంబర్ 5, 1851 - ఆగష్టు 11, 1910) సంఘ సేవకురాలు. యుగకర్తగా పేరొందిన కందుకూరి వీరేశలింగం ఈమె భర్త. ఆంధ్ర దేశంలో మొదటి వితంతు పునర్వివాహం జరిగినప్పుడు ఊరంతా వెలివేసినా ఇంటిని నిలబెట్టినది ఈమె. సొంత బిడ్డలు లేని రాజ్యలక్ష్మి, పుట్టింట ఆదరణ కరువై వచ్చిన బాల వితంతువులెందరికో తల్లి స్థానంలో నిలిచింది. చరిత్ర పుస్తకాలలో ఈమె పేరు ఎక్కువగా భర్త పేరుకు అనుబంధంగానే కనిపిస్తుంది. కాని వితంతు వివాహ ఉద్యమంలో ఉపన్యాసాల భాగం వీరేశలింగానిది కాగా, ఇంటిలో జరగవలసిన భాగమంతా రాజ్యలక్ష్మిది.

బాల్యము, వివాహము

రాజ్యలక్ష్మి రాజమండ్రికి సమీపంలోని కాతేరు గ్రామంలో అద్దంకి పట్టాభిరామయ్య, కొండమాంబ దంపతులకు జన్మించింది. తల్లిదండ్రులు పెట్టిన పేరు బాపమ్మ. చిన్ననాటనే తల్లిని పోగొట్టుకుని మేనమామ ఇంట పెరిగింది. నాటి ఆచారం ప్రకారం బాల్యంలోనే వీరేశలింగంతో వివాహమైంది. వీరేశలింగం కూడా అప్పటికి బాలుడే. అతనికి నాలుగేళ్ళ వయసులో తండ్రి మరణించగా, తల్లి పున్నమ్మ పెంపకంలో పెరిగాడు. అత్తవారింటికి వచ్చిన తరువాత బాపమ్మ పేరు రాజ్యలక్ష్మిగా మారింది. ఆ పేరుతోనే ఆమె ప్రసిద్ధురాలైంది.

ఆడపిల్లకు చదువు అక్కరలేదని భావించే రోజులవి. ధవళేశ్వరం ఆనకట్ట 1852 నాటికి పూర్తి కావడంతో డెల్టాలో మాగాణి పెరిగి, కాలువల మీద పడవల రాకపోకలు హెచ్చి, ఇంగ్లీషు చదువులు, ప్రభుత్వోద్యోగాలు వచ్చాయి. మగపిల్లల బతుకు ఈ విధంగా మారుతున్నా ఆడపిల్లల బతుకులో మార్పు రాలేదు. వీరేశలింగం ధవళేశ్వరంలో ఉపాధ్యాయుడుగా ఉన్నప్పుడు 1874లో అక్కడ బాలికల పాఠశాలను ప్రారంభించాడు. అదే సంవత్సరం అక్టోబరులో వివేకవర్ధని పత్రికను మొదలుపెట్టాడు. భర్త ఇతరుల పిల్లలను చదువుకు రమ్మని పిలుస్తున్న ఆ కాలంలోనే రాజ్యలక్ష్మి కూడా అతని ప్రోత్సాహంతో చదవడం, రాయడం అలవరచుకుంది.

ఆనాటి బాల వితంతువులు

రాజ్యలక్ష్మి చేసిన పని విలువ తెలియాలంటే నాటి బాల వితంతువుల స్థితిని కొంత తెలుసుకోవాలి. బ్రాహ్మణ కుటుంబాలలోను, మరికొన్ని అగ్రవర్ణాలలోను ఆడపిల్లకు రజస్వల కాకముందే పెళ్ళి చేయాలన్న నియమం ఉండేది. కన్యాశుల్కం తీసుకుని పసిపిల్లలను ముసలివారికి కట్టబెట్టడం గోదావరి, కృష్ణా, విశాఖపట్నం జిల్లాలలో సాధారణమైపోయింది. కాపురం అంటే ఏమిటో తెలియకుండానే భర్తను పోగొట్టుకున్న పిల్లలు ఎందరో ఉండేవారు. కొన్ని ఇతర కులాలలో మారుమనువు ఆచారంగా ఉన్నందున ఈ కష్టం అందరికీ ఒకే విధంగా లేదు.

భర్త పోయిన పిల్లను సాధారణంగా పుట్టింటికే చేర్చేవారు. వయసు రాగానే శిరోముండనం చేయించేవారు. ఒంటిపూట భోజనం, ముతక బట్ట, వంటింటి చాకిరీ ఆమె వంతు. శుభకార్యాలలో ఆమె ఎదురు రాకూడదు. సొంత చెల్లెలి పెళ్ళిలో సైతం ఆమె పెరటి గదిలోనే ఉండిపోవలసి వచ్చేది.

ఇందులో అన్నిటికంటె బాధాకరమైనది తల్లీకూతుళ్ళ మధ్య ఏర్పడే దూరం. ఆచారాన్ని ఇంటిలో అమలు జరిపే బాధ్యత ఆడవారి మీదనే ఉండేది. కూతురు తలలో పూవు పెట్టుకోకుండా, మంచి బట్ట కట్టకుండా, వీధి గుమ్మం దాటకుండా చూడవలసినది తల్లే. పిల్లను దగ్గరకు తీసి ఓదార్చితే ఆచారం సడలుతుందన్న భయం, సడలితే మిగిలిన ఆడపిల్లలకు సంబంధాలు రావన్న భయం, బంధువుల నోటికి జంకు, అన్నీ కలిసి తల్లి మనసును బిగదీసేవి. కడుపున పుట్టిన బిడ్డ మీద ప్రేమ లేక కాదు, ఆ ప్రేమను చూపించే దారి లేక చాలామంది తల్లులు కూతుళ్ళకు పరాయివారైపోయారు. అటువంటి ఇంటి నుండి బయటపడడం ఆ పిల్లకు రెండు విధాల కష్టం. బయట అండ లేదు, వెళ్ళిపోతే తల్లికి, తోబుట్టువులకు తలవంపులు తెచ్చినదన్న నింద మిగులుతుంది.

గురజాడ అప్పారావు వ్రాసిన కన్యాశుల్కం నాటకం ఈ పరిస్థితికి అద్దం పట్టింది. 1892లో విజయనగరంలో ప్రదర్శించబడి 1897లో అచ్చయిన ఈ నాటకంలో బుచ్చమ్మ బాల వితంతువు. ఆమె చెల్లెలు సుబ్బిని ముసలి లుబ్ధావధానులకు ఇచ్చి పెళ్ళి చేయాలని తండ్రి నిశ్చయిస్తాడు. చెల్లెలిని కాపాడాలన్న ఆశ కూడా బుచ్చమ్మ ఇల్లు విడవడానికి ఒక కారణం అవుతుంది. 1909లో వెలువడిన రెండవ కూర్పులో బుచ్చమ్మను చివరకు పూనాలోని వితంతు శరణాలయానికి పంపే ఏర్పాటు ఉంది. నాటకంలోని అక్కచెల్లెళ్ళకు ఎదురైన చిక్కే నిజ జీవితంలో ఎందరో పిల్లలను రాజమండ్రిలోని వీరేశలింగం ఇంటి గుమ్మానికి చేర్చింది.

మొదటి వితంతు వివాహము

వితంతువుల పునర్వివాహాన్ని చట్టసమ్మతం చేస్తూ 1856లో ప్రభుత్వం చట్టం చేసింది. ఈశ్వరచంద్ర విద్యాసాగరుని కృషి దీనికి ముఖ్య కారణం. అదే సంవత్సరం డిసెంబరులో కలకత్తాలో ఈ చట్టం కింద మొదటి వివాహం జరిగింది. కాని తెలుగు దేశంలో పాతికేళ్ళ వరకు ఈ చట్టం కాగితం మీదనే ఉండిపోయింది. వీరేశలింగం 1879 ఆగష్టు 3న రాజమండ్రిలో వితంతు వివాహం శాస్త్రసమ్మతమేనని వాదిస్తూ ఉపన్యసించాడు. దానిపై పండితులు ఖండనలు ప్రకటించారు, సభలు జరిగాయి. కాని వాదంలో గెలవడం వేరు, ఒక పిల్లను ఇంటికి తెచ్చి పెళ్ళి జరిపించడం వేరు. ఈ రెండవ పనికి రాజ్యలక్ష్మి అంగీకారం లేకపోతే ఆ ఇంట ఒక అడుగు కూడా ముందుకు పడేది కాదు.

కృష్ణా జిల్లా నుండి గౌరమ్మ అనే బాల వితంతువును రాజమండ్రికి తీసుకువచ్చారు. 1881 డిసెంబర్ 11న వీరేశలింగం ఇంటిలో ఆమెకు గోగులపాటి శ్రీరాములుతో వివాహం జరిగింది. ఆంధ్ర దేశంలో ఉద్యమంగా జరిగిన వితంతు వివాహాలలో ఇదే మొదటిది. అల్లర్లు జరుగుతాయన్న భయంతో పోలీసు బందోబస్తు ఏర్పాటు చేశారు. కళాశాల విద్యార్థులు కావలి కాశారు. కాకినాడకు చెందిన వర్తకుడు పైడా రామకృష్ణయ్య ధన సహాయం చేశాడు. నాలుగు రోజుల తరువాత, డిసెంబర్ 15న రెండవ వివాహం కూడా జరిగింది.

వెలి

వివాహాల వార్త పొక్కగానే ఊరు కట్టు కట్టింది. వంట బ్రాహ్మణులు రావడం మానివేశారు. నీళ్ళు తెచ్చేవారు లేకపోయారు. పురోహితులు ముఖం చాటుచేశారు. పీఠాధిపతి పేరిట వచ్చిన శ్రీముఖంతో, వివాహాలకు వచ్చినవారు, విందులో భోజనం చేసినవారు కూడా వెలికి గురయ్యారు. ఆ ఒత్తిడికి తట్టుకోలేక మిత్రులలో పలువురు ప్రాయశ్చిత్తం చేసుకుని తిరిగి కులంలో చేరిపోయారు.

ఈ సమయంలో ఇంటి భారమంతా ముప్పై ఏళ్ళ రాజ్యలక్ష్మి మీద పడింది. ఆమె స్వయంగా గోదావరికి వెళ్ళి బిందెలతో నీళ్ళు మోసుకువచ్చింది. పెళ్ళివారికి, అతిథులకు, విద్యార్థులకు తానే వండి వడ్డించింది. వంట, నీళ్ళు అనే మాటలు చరిత్రలో చిన్నవిగా కనిపించవచ్చు. కాని వెలి అనే ఆయుధం దెబ్బ కొట్టేది సరిగా అక్కడే. వండేవారు, నీళ్ళు తెచ్చేవారు లేకపోతే పెళ్ళి ఆగిపోతుందని ఊరివారి లెక్క. ఆ లెక్కను తప్పుచేసినది రాజ్యలక్ష్మి. నదికి వెళ్ళే దారిలో ఎదురయ్యే సూటిపోటి మాటలను కూడా ఆమె ఒంటరిగానే భరించింది.

మేనమామ పిలుపు

వెలి సమయంలో రాజ్యలక్ష్మికి మరొక పరీక్ష ఎదురైంది. తల్లి లేని తనను పెంచిన మేనమామ, భర్తను విడిచి తన ఇంటికి వచ్చేయమని ఆమెను పిలిచాడు. ఆనాటి స్త్రీకి పుట్టింటివారే చివరి ఆధారం. భర్త ఆరోగ్యం అంత బాగా ఉండేది కాదు, పిల్లలు లేరు. రేపు ఏదైనా జరిగితే వెలిపడిన ఇంటి ఆడదానికి నీడ ఇచ్చేవారు ఉండరు. తాను ఎవరి కోసం పాటుపడుతున్నదో ఆ వితంతువుల గతే తనకూ పట్టవచ్చునని ఆమెకు తెలియనిది కాదు.

అయినా రాజ్యలక్ష్మి వెళ్ళలేదు. భర్త నమ్మిన మార్గంలోనే తానూ నడుస్తానని నిశ్చయించుకుంది. దీనిని పాతివ్రత్యంగా కొనియాడినవారు ఉన్నారు. అది కొంతవరకే నిజం. కేవలం భర్త మాట జవదాటకపోవడమే అయితే, నాడు ఎందరో సంస్కర్తల ఇళ్ళలో జరిగినట్లు ఆమె కూడా ఒక మూల మౌనంగా ఉండిపోయేది. వచ్చిన పిల్లలను అక్కున చేర్చుకుని, వారితో కలిసి భోజనం చేసి, వారి పెళ్ళిళ్ళు తానే నడపడం ఆమె సొంత నిర్ణయం. పెంచిన ఇంటి రక్షణను వదులుకుని ఆమె ఎన్నుకున్న స్వాతంత్ర్యం అది.

తల్లి స్థానంలో

తరువాతి సంవత్సరాలలో వీరేశలింగం దంపతులు సుమారు 40 వితంతు వివాహాలు జరిపించారు. ఒక్కొక్క పెళ్ళి వెనుక ఎంతో పని ఉండేది. దూరపు ఊళ్ళ నుండి పిల్లలను రహస్యంగా తీసుకురావాలి. గోదావరిపై రైలు వంతెన 1900 నాటికి గాని రాలేదు. అంతకుముందు ప్రయాణాలు ఎక్కువగా పడవల మీద, బండ్ల మీద సాగేవి. బంధువులు వెంటపడి వచ్చి పిల్లను తీసుకుపోకుండా కాపాడాలి. తగిన వరుడు దొరికేవరకు ఇంటిలో ఉంచుకోవాలి.

ఇల్లు విడిచి వచ్చిన పిల్ల మొదట్లో భయంతో ముడుచుకుపోయి ఉండేది. తాను పాపం చేశానన్న భావం, తల్లిని విడిచి వచ్చానన్న దిగులు ఒకవైపు, ఆ తల్లి తనను ఎన్నడూ దగ్గరకు తీయలేదన్న కోపం మరొకవైపు. ఈ పిల్లలకు ఉపన్యాసాల కంటె ఒక ఆడదాని చేయి అవసరం. రాజ్యలక్ష్మి చిన్నతనంలో తల్లి లేకుండా పెరిగిన మనిషి కావడం చేత ఆ లోటు ఎటువంటిదో ఆమెకు అనుభవమే. ఒక కప్పు కింద చేరిన ఆ పిల్లలకు ఒకరికొకరు అక్కచెల్లెళ్ళు కావడం కూడా ఒక అండ అయింది. పెళ్ళిళ్ళైన తరువాత పుట్టింటి గడప మూసుకుపోయిన ఆ పిల్లలకు వీరేశలింగం ఇల్లే పుట్టిల్లు.

అన్నీ సవ్యంగా సాగాయని చెప్పలేము. పెళ్ళి చేసుకున్న యువకులలో కొందరు ఆదర్శం కంటె ఆర్థిక సహాయం కోసమే ముందుకు వచ్చారు. కొన్ని జంటలు పొరపొచ్చాలతో దంపతులకు తలనొప్పి తెచ్చాయి. తాము చేసిన మేలును మరచినవారి గురించి వీరేశలింగం స్వీయచరిత్రలో బాధతో వ్రాసుకున్నాడు.

చట్టం వల్ల కూడా ఒక చిక్కు ఉండేది. 1856 చట్టం పునర్వివాహాన్ని అంగీకరించినా, మళ్ళీ పెళ్ళి చేసుకున్న వితంతువుకు మొదటి భర్త ఆస్తిపై హక్కు లేకుండా చేసింది. దీనివల్ల ఆమె చేతిలో ఏమీ లేకుండానే కొత్త ఇంటికి వెళ్ళవలసి వచ్చేది. పెళ్ళి ఆమెను తల్లి ఇంటి చెర నుండి విడిపించినా, సొంత కాళ్ళ మీద నిలబెట్టలేదు. ఈ లోటే శరణాలయాల ఆలోచనకు దారితీసింది.

శరణాలయాలు

19వ శతాబ్దం చివరినాటికి దేశంలో వితంతువుల కోసం చదువుతో కూడిన ఆశ్రయాలు మొదలయ్యాయి. పండిత రమాబాయి 1889లో బొంబాయిలో శారదా సదనాన్ని స్థాపించింది. ధోండో కేశవ కర్వే 1896లో పూనాలో వితంతు శరణాలయాన్ని ప్రారంభించాడు. వీరేశలింగం దంపతులు మద్రాసులో నివసించిన కాలంలో 1898లో అక్కడ ఒక వితంతు శరణాలయాన్ని ఏర్పాటు చేశారు. సరోజినీ నాయుడు, డాక్టరు ముత్యాల గోవిందరాజులు నాయుడుల కులాంతర వివాహాన్ని వీరేశలింగం మద్రాసులో జరిపించినది కూడా ఆ సంవత్సరంలోనే.

తిరిగి రాజమండ్రి చేరిన తరువాత 1905లో అక్కడ కూడా వితంతు శరణాలయం ఏర్పడింది. 1906లో హితకారిణీ సమాజాన్ని స్థాపించి దంపతులు తమ ఆస్తిని ఆ సమాజానికి ధారపోశారు. బిడ్డలు లేని దంపతులు దత్తత తీసుకుని ఆస్తిని వంశంలో నిలుపుకోవడం నాటి వాడుక. అందుకు భిన్నంగా జీవితకాలపు సంపాదనను సంస్థకు ఇవ్వడానికి రాజ్యలక్ష్మి సమ్మతించడం విశేషం. భర్త ముందుగా మరణిస్తే తన గతి ఏమిటన్న ఆలోచన ఆమెను వెనుకకు లాగలేదు.

శరణాలయానికి వచ్చిన స్త్రీ పెళ్ళి చేసుకోవచ్చు, లేదా చదువుకుని తన బతుకు తాను బతకవచ్చు. ఈ రెండవ దారి కొత్తది. అంతవరకు తండ్రి ఇల్లు, అత్తవారిల్లు తప్ప ఆడదానికి మూడవ ఇల్లు లేదు. చదువుకున్న స్త్రీ బాలికల పాఠశాలలో ఉపాధ్యాయురాలిగా పనిచేసే అవకాశం ఏర్పడడంతో, ఇంటి నుండి విడివడడం అంటే మరొక ఇంటికి మారడం మాత్రమే కాదని తెలిసివచ్చింది.

మరణము

రాజ్యలక్ష్మి 1910 ఆగష్టు 11న తన 58 ఏళ్ళ వయసులో రాజమండ్రిలో మరణించింది. ఐదు దశాబ్దాల దాంపత్యం తరువాత ఒంటరి అయిన వీరేశలింగం మరో తొమ్మిదేళ్ళు జీవించి 1919 మే 27న మద్రాసులో కన్నుమూశాడు. ఆమె గురించి మనకు తెలిసిన విషయాలలో అధిక భాగం భర్త స్వీయచరిత్ర ద్వారానే తెలుస్తున్నాయి. అందువల్ల ఆమె ధైర్యం, సేవ కనిపించినంతగా ఆమె సొంత ఆలోచనలు, సందేహాలు మనకు కనిపించవు. ఆమె ఆశ్రయంలో పెరిగిన పిల్లల మాట కూడా చరిత్రలో అరుదు. ఈ లోటును దృష్టిలో ఉంచుకునే ఆమె జీవితాన్ని చదవాలి.

ప్రభావము

రాజ్యలక్ష్మి జీవితకాలంలోనే తెలుగు స్త్రీలు స్వయంగా సంఘాలు ఏర్పరచుకోవడం మొదలైంది. బండారు అచ్చమాంబ 1902లో మచిలీపట్నంలో బృందావన స్త్రీ సమాజాన్ని స్థాపించింది. తరువాతి తరంలో గోదావరి జిల్లాల నుండే ప్రముఖ మహిళలు వచ్చారు. ద్రాక్షారామంలో పుట్టిన దువ్వూరి సుబ్బమ్మ తాను వితంతువై ఉండి కూడా స్వాతంత్ర్యోద్యమంలో ప్రవేశించి జైలుకు వెళ్ళింది. రాజ్యలక్ష్మి మరణానికి ఏడాది ముందు, 1909 జూలై 15న రాజమండ్రిలో పుట్టిన దుర్గాబాయి దేశ్‌ముఖ్, బాల్య వివాహ బంధం నుండి విడివడి న్యాయవాది అయింది. రాజ్యాంగ సభ సభ్యురాలు కూడా అయిన ఆమె ఆంధ్ర మహిళా సభ ద్వారా వేలాది స్త్రీలకు చదువు, ఉపాధి కల్పించింది. పెళ్ళి వయసును నిర్ణయించిన శారదా చట్టం 1929లో వచ్చింది. స్త్రీకి ఆస్తిపై పూర్తి హక్కును ఇచ్చిన హిందూ వారసత్వ చట్టం 1956లో, అంటే మొదటి వితంతు వివాహ చట్టానికి సరిగ్గా వంద సంవత్సరాల తరువాత వచ్చింది.

రాజమండ్రిలో వీరేశలింగం నివసించిన ఇంటిని స్మారక చిహ్నంగా భద్రపరిచారు. మొదటి వితంతు వివాహం పేరు చెప్పగానే వీరేశలింగం గుర్తుకు రావడం సహజమే. ఆ పెళ్ళినాడు గోదావరి నుండి నీళ్ళు మోసినది, పొయ్యి వెలిగించినది, పెళ్ళికూతురుకు తల్లిగా నిలిచినది రాజ్యలక్ష్మి అని కూడా విద్యార్థులు తెలుసుకోవాలి.